అరవై దాటిన నలుగురు స్నేహితురాళ్ల విహారయాత్ర: ఈ కథను ఎలా నడపాలి?

ప్రశ్న
రాసినవారు: మొగలిపొద

అందరికీ నమస్కారం. ఆరు నెలలుగా ఒక చిన్న నవల రాస్తున్నాను. రాజోలు దగ్గరి ఒక పల్లెలో, ఒకే వీధిలో నలభై ఏళ్లు కాపురాలు చేసిన నలుగురు స్త్రీలు, అందరూ అరవై దాటినవారే, భర్తలూ పిల్లలూ మనవలూ ఎవరూ వెంట లేకుండా మొదటిసారి కలిసి పది రోజులు ఊళ్లు తిరిగి రావడమే ఇందులోని కథ. చదివినవారు హాయిగా నవ్వుకోవాలని నా ఆశ. మన కథల్లో ఆ వయసు ఆడవాళ్లు కోడలిని సాధించే అత్తగానో, విదేశంలో ఉన్న కొడుకు ఫోను కోసం ఎదురుచూసే తల్లిగానో, మంచం పట్టిన ముసలమ్మగానో తప్ప కనిపించడం తక్కువ. నలుగురూ ఒకచోట చేరితే వాళ్లు ఎంత నవ్వుతారో, ఒకరినొకరు ఎంతగా ఆటపట్టించుకుంటారో చిన్నప్పటి నుంచి మా అరుగు మీద చూస్తూ పెరిగాను కనుక, ఆ నవ్వును కాగితం మీదికి తేవాలనుకున్నాను.

పాత్రలను పరిచయం చేస్తాను. మంగతాయారుకు 68 ఏళ్లు. పంతులమ్మగా చేసి రిటైరయింది, అర్ధరూపాయి ఖర్చయినా పుస్తకంలో రాసుకుంటుంది. సత్యవతికి 64, పదేళ్ల వయసు నుంచి లేసు అల్లుతోంది, చేతిలో సూది లేకపోతే ఆమెకు మాట సాగదు. రామలక్ష్మికి 71, పురుళ్లకూ పరామర్శలకూ తప్ప ఇల్లు విడిచి ఒక్క రాత్రి బయట పడుకోలేదు. బేబమ్మకు 66; అయిదేళ్ల కిందట కొడుకు దగ్గర ఉండడానికి యానాం వెళ్లిపోయింది, ఆ వెలితి మిగిలిన ముగ్గురికీ ఇంకా తీరలేదు.

నేను రెండు చోట్ల ఆగిపోయాను. మొదటిది, వాళ్లు ఇంట్లో ఏమని చెప్పి బయలుదేరాలన్న సంగతి. దూరపు చుట్టాల పెళ్లి అని అబద్ధం చెప్పినట్టు మొదటి అధ్యాయం రాశాను. ఆ ఒక్క అబద్ధాన్ని నిలబెట్టడానికి మరో పది ఆడవలసి వచ్చింది, చివరికి నలుగురూ ఇంట్లోవాళ్లకు భయపడుతూ తప్పించుకు తిరిగే పిల్లల్లా తయారయ్యారు. రెండోది నవ్వు. కళ్లజోడు తలమీద పెట్టుకుని ఊరంతా వెతకడం, సెల్‌ఫోను తిరగేసి మాట్లాడడం, మెట్ల మీద జారడం వంటివి రాసి మా అమ్మకు చదివి వినిపించాను. అమ్మ మర్యాదకు నవ్వింది. కాసేపాగి, "మేము అంత తెలివితక్కువగా ఉంటామా అమ్మాయ్?" అని అడిగింది. ఆ మాట విన్న తరువాత ఆ పేజీలను మళ్లీ తెరవలేకపోయాను.

ప్రస్తుతం నా కథలో వాళ్లు జనవరి నెలలో అద్దె కారులో, రామలక్ష్మి మనవడు నడుపుతుండగా, రాజమండ్రి వెళ్లి, పాపికొండలకు లాంచీలో విహరించి, తిరుగుదారిలో దిండిలో హౌస్‌బోటు ఎక్కి పులస పులుసుతో భోజనం చేస్తారు. ఈ దారిలో కూడా ఏదో కుదరడం లేదని నాకు తెలుస్తోంది కానీ అది ఏమిటో చెప్పలేకపోతున్నాను. గోదావరి జిల్లాల వాళ్లూ, కథలు రాసేవాళ్లూ మీకు తోచినది చెప్పగలరు.

సమాధానం 1
రాసినవారు: కోటిపల్లి రేవు

మీ నలుగురికీ అబద్ధంతో పనిలేదండీ. సరిగ్గా ఇటువంటి ప్రయాణం మన డెల్టాలో తరతరాలుగా ఉంది. గోదావరి ఏడు పాయలుగా సముద్రంలో కలుస్తుందనీ, ఆ పాయలు సప్తర్షుల పేర్లతో పారుతున్నాయనీ మనవాళ్ల నమ్మకం. ఆ ఏడు సంగమాల్లోనూ వరసగా స్నానాలు చేయడాన్ని సప్తసాగర యాత్ర అంటారు. పుష్య మాసం చివరి రోజయిన చొల్లంగి అమావాస్య నాడు కాకినాడ పక్కనున్న చొల్లంగిలో మొదలుపెట్టి, మాఘ శుద్ధ ఏకాదశి నాటికి అంతర్వేదిలో ముగిస్తారు. అంటే పదకొండు రోజులు. మీరు కథకు పెట్టుకున్న పది రోజులకు ఇంతకంటే దగ్గరి లెక్క దొరకదు.

తేదీలు కూడా మీ కథ కోసమే కుదిరినట్టున్నాయి. 2026లో ఆ అమావాస్య జనవరి 18న, ఏకాదశి జనవరి 29న వచ్చాయి. సంక్రాంతికి హైదరాబాదు నుంచీ బెంగుళూరు నుంచీ వచ్చిన పిల్లలు కనుమ దాటగానే కార్లెక్కి వెళ్లిపోతారు. వారం పాటు అరిసెలూ జంతికలూ సున్నుండలూ వండి వండి చేతులు నొప్పెట్టిన ఇల్లాలికి ఒక్కసారిగా ఇల్లు బోసిపోతుంది. ఆ మూడో రోజున, వాకిట్లో ముగ్గు రంగులు ఇంకా చెరగకముందే, ఊళ్లో ఉన్న మీ కథలోని ముగ్గురూ సంచీలు సర్దుకుని వీధి చివరికి వస్తే ఎవరు మాత్రం వద్దంటారు? ఫస్టుకి పింఛను ఇంటికి తెచ్చి ఇచ్చే వేళకు తిరిగి వచ్చేస్తారు కూడా. డబ్బు విషయంలో మంగతాయారు ఒప్పుకునే ప్రణాళిక ఇదొక్కటే.

ఇంకొక మాట. పూర్వం ఈ యాత్రను ముఖ్యంగా సంతానం కోరుకునేవారు చేసేవారు. ఏడుగురు మనవల నాయనమ్మ రామలక్ష్మి చొల్లంగి రేవులో మోకాళ్ల లోతు నీళ్లలో నిలబడి ఉండగా, పురోహితుడు గోత్రనామాలు అడిగి, ఏమి కోరుకుని స్నానం చేస్తున్నారని అడిగినట్టు ఊహించండి. "ఉన్నవాళ్లు చాలు బాబూ, ఈ పదకొండు రోజులూ వాళ్లు ఫోను చేసి పప్పు డబ్బా ఎక్కడుందని అడగకుండా ఉంటే అంతే పదివేలు" అని ఆమె అంటే, ఆ నవ్వు ఆమెది అవుతుంది. మీ అమ్మగారు కూడా మర్యాదకు నవ్వనవసరం లేదు.

కారును కూడా తీసేయమని నా సలహా. మనవడు స్టీరింగు దగ్గర కూర్చున్నంతసేపు వాళ్లు నాయనమ్మలుగానే ఉంటారు, స్నేహితురాళ్లు కాలేరు. 2025 ఆగస్టు 15 నుంచి మన రాష్ట్రంలో ఆడవాళ్లకు పల్లెవెలుగు, ఎక్స్‌ప్రెస్ బస్సుల్లో ప్రయాణం ఉచితమయింది. చిరునామా తెలిపే గుర్తింపు కార్డు చూపిస్తే సున్నా టిక్కెట్టు ఇస్తారు. ఇక్కడే మీ బేబమ్మకు చిక్కు వస్తుంది. యానాం చుట్టూ మన రాష్ట్రమే ఉన్నా ఆ ఊరు పుదుచ్చేరిది. ఆమె ఆధార్ చిరునామా యానానికి మార్చుకుని ఉంటే, ఒకే సీటులో పక్కపక్కన కూర్చున్న స్నేహితురాళ్లకు సున్నా, ఆమెకు మాత్రం ఛార్జీ. "ఫ్రెంచివాళ్లు 1954లోనే వెళ్లిపోయారు కదయ్యా, నన్నింకా పరాయి దేశం దాన్నే చేస్తున్నారా" అని ఆమె కండక్టరును నిలదీయవచ్చు. ఆమె బస్సెక్కిన ప్రతిసారీ ఈ సంగతి కొత్తగా మొదలవుతుంది.

సమాధానం 2
రాసినవారు: పనసతొన

సప్తసాగర యాత్ర ఆలోచన చాలా బాగుంది. అయితే ఒక్క చోట నేను కోటిపల్లి రేవు గారితో పూర్తిగా ఏకీభవించలేను. తీర్థయాత్ర అంటే ఎవరూ కాదనరన్నది నిజమే, మా నాయనమ్మ తరం ఆడవాళ్లు చూసిన ప్రపంచమంతా తీర్థాల పేరు మీద చూసినదే. కానీ నలుగురూ ఆ పేరు చాటునే ఉండిపోతే, మీరు రాయదలచుకున్న విహారం కాస్తా పుణ్యం కిందికి జమ అయిపోతుంది. నలుగురిలో ఒక్కరైనా, నా లెక్కన సత్యవతి, "ఎందుకెళ్తున్నావమ్మా" అని కోడలు అడిగినప్పుడు "తిరగాలనిపించింది, వెళ్తున్నాను" అని నేరుగా చెప్పాలి. ఆమె లేసు డబ్బులతో వెళ్తోంది కనుక ఆ మాట అనగలదు. పంతొమ్మిదో శతాబ్దంలో మిషనరీలు నరసాపురం ప్రాంతానికి తెచ్చిన ఈ పనిని మన ఇళ్లలో ఆడవాళ్లు వంటా వార్పూ అయ్యాక అరుగు మీద కూర్చుని చేస్తారు. అల్లినదాన్ని బట్టి కూలి వస్తుంది. యాభై ఏళ్లకు పైగా సంపాదించినా ఆమెను ఊళ్లో అందరూ ఇంటిపట్టున ఉండే మనిషి అనే అంటారు. ఆ డబ్బును ఆమె మొదటిసారి తన కోసం ఖర్చు పెట్టడం ఈ కథలో పెద్ద సంగతి, దాన్ని ఒక వాక్యంలో దాటించేయకండి.

ఇక నవ్వు గురించి. మన పల్లెల్లో ఆ వయసు ఆడవాళ్లు ఒకరినొకరు స్నేహితురాలు అని పిలుచుకోరు. రక్తసంబంధం ఉన్నా లేకపోయినా, కులం ఏదైనా, వరస కలుపుకుంటారు. నవ్వంతా ఆ వరసలోనే ఉంటుంది. అక్కచెల్లెళ్ల వరసయితే మందలింపు ఉంటుంది, చిన్నది పెద్దదానికి ఎదురుచెప్పదు. వదినామరదళ్ల వరసయితే మేలమాడే హక్కు పుట్టుకతో వచ్చినట్టే; ఎంత మాటన్నా చెల్లుతుంది, పైగా అనకపోతేనే లోటు. మీ కథలో రామలక్ష్మిని మంగతాయారుకు వదినను చేసి, సత్యవతికి అక్కను చేయండి. అప్పుడు మంగతాయారు ఆమెను "ఏం వదినగారూ, మా అన్నయ్య కల్లోకొచ్చి కాఫీ అడిగాడా, రాత్రంతా అటూ ఇటూ దొర్లారు" అని అనగలదు. అదే మాటకు సత్యవతి పమిట నోటికి అడ్డం పెట్టుకుని కిందికి చూస్తుంది. ఒకే మాటకు ముగ్గురూ మూడు రకాలుగా నవ్వుతారు. కళ్లజోళ్లు పోగొట్టనక్కరలేదు, మెట్ల మీద జారనక్కరలేదు.

నేను కళ్లారా చూసిన ఒక సంగతి చెప్తాను, పనికొస్తే వాడుకోండి. ఒకసారి సఖినేటిపల్లి రేవులో పంటు (మనుషులనూ బళ్లనూ ఏరు దాటించే పడవ) ఎక్కాను. నరసాపురం వైపు వెళ్లే జనం, పాలక్యానులు, కొబ్బరికాయల బస్తాలు, పది పన్నెండు మోటారుసైకిళ్లు, అన్నీ చెక్కల మీద ఒత్తుకుని ఉన్నాయి. ఒక పెద్దావిడ బస్తా మీద కూర్చుని లేసు అల్లుకుంటోంది. పంటు కదిలిన కుదుపుకు ఆమె ఒళ్లోని దారపుబంతి దొర్లి మోటారుసైకిళ్ల కిందికి పోయింది. ఆమె లేవలేదు, కంగారు పడలేదు. దారం పట్టుకుని లాగింది; లాగినకొద్దీ బంతి విప్పుకుంటూ ఇంకా దూరం పోయింది, చక్రాల చువ్వల్లోంచి, క్యానుల సందుల్లోంచి, జనం కాళ్ల చుట్టూ తిరిగింది. అప్పుడామె తల ఎత్తి, "ఎవరూ కదలకండి నాయనా, ఎనిమిది రోజుల పని మీ కాళ్ల కింద ఉంది" అంది. అంతే, కాలు ఎత్తినవాడు ఎత్తినట్టే ఆగిపోయాడు. అవతలి రేవు వచ్చేదాకా సగం పంటు జనం ఒంటికాలి మీద నిలబడి, ఆమె చెప్పినట్టు దారాన్ని ఒకరి చేతి మీదుగా ఒకరు అందించుకుంటూ చుట్టి ఇచ్చారు. అందరూ నవ్వారు, ఆమె కూడా నవ్వింది. ఆమెను చూసి నవ్వినవాళ్లు ఒక్కరూ లేరు. మీరు వెతుకుతున్న నవ్వు అదేనని నాకు అనిపిస్తోంది.

సమాధానం 3
రాసినవారు: ఏటిగట్టు

దారిలో ఏదో కుదరడం లేదన్నారు కదా, అది పులస. జనవరిలో పులస ఉండదండీ. సముద్రంలో విలసగా ఉండే చేప, శ్రావణ భాద్రపదాల్లో ఎర్రనీరు దిగినప్పుడు ప్రవాహానికి ఎదురీది గోదావరిలోకి వచ్చి పులస అవుతుంది. పుస్తెలమ్మయినా పులస తినాలన్న సామెత ఆ కొద్ది వారాల కోసమే పుట్టింది. ఆ చేప కోసం కథను ఆగస్టుకు మారుస్తామంటే పడవలు దొరకవు. ధవళేశ్వరం బ్యారేజీ దగ్గర నీటిమట్టం 11.75 అడుగులకు చేరితే మొదటి ప్రమాద హెచ్చరిక ఇస్తారు. వరద పెరిగితే పంట్లు ఆపేస్తారు, లంకల్లో జనం గట్ల మీదికి వస్తారు. అటువంటి రోజుల్లో నలుగురు పెద్దవాళ్లను విహారానికి పంపడం మన ప్రాంతపు పాఠకుడు ఒప్పుకోడు. కాబట్టి పులసను వదులుకోండి. లేదంటే నలుగురూ దిండి రేవులో కూర్చుని, పోయిన శ్రావణంలో ఎవరింట్లో పులుసు బాగా కుదిరిందో వాదించుకునేలా రాయండి. తిన్నప్పటికంటే చెప్పుకునేటప్పుడే దాని రుచి ఎక్కువ.

తినడానికి అంబాజీపేటలో పొట్టిక్కలున్నాయి. పనసాకులను ఈనెపుల్లలతో గుచ్చి బుట్టలా చేసి, అందులో ఇడ్లీ పిండి పోసి ఆవిరి మీద ఉడికిస్తారు. విప్పగానే ఆకు వాసనతో పొగలు వస్తాయి. హోటల్లో ఆ బుట్టను చూసి, ఒక పుల్ల తక్కువ గుచ్చారని రామలక్ష్మి వంటింట్లోకి నడిచి వెళ్లి తానే కుట్టి చూపించడం నాకు కళ్లకు కడుతోంది.

పాపికొండలను కూడా తీసేయమని కోరుతున్నాను. అవి ధవళేశ్వరానికి చాలా ఎగువన ఉన్నాయి, మీ కథ డెల్టాలో నడిచేది. అంతకంటే పెద్ద కారణం మరొకటి ఉంది. ఆ దారిలో కచ్చులూరు దగ్గర 2019 సెప్టెంబరు 15న జరిగిన పడవ ప్రమాదాన్ని ఇక్కడివాళ్లు మరచిపోలేదు. మీరు ఎంత సరదాగా రాసినా, అక్కడ లాంచీ కొంచెం ఊగిందని చదవగానే మాలాంటివాళ్లకు నవ్వు ఆగిపోతుంది. పడవ ఎక్కడ ఎక్కించినా లైఫ్‌జాకెట్లు తొడిగించండి. పట్టుచీర మీద ఆ నారింజరంగు జాకెట్టు తొడుక్కుని, దాని పట్టీ ఎక్కడ బిగించాలో ఒకరికొకరు సాయం చేసుకోవడంలో కావలసినంత సరదా ఉంది, ఎవరి మనసూ నొచ్చుకోదు.

దారిలో కొరింగ మడ అడవులు కూడా చొల్లంగికి దగ్గరే. చెట్ల మధ్య చెక్కల వంతెన మీద మెల్లగా నడవవచ్చు, మోకాళ్ల నొప్పులవాళ్లకు ఇబ్బంది ఉండదు. మాఘంలో పొద్దున్నే మంచు, దారి పొడుగునా దాళ్వా (రెండో పంట వరి) చేలు. మీకు వేరే వర్ణన అక్కరలేదు.

మొగలిపొద సమాధానం

అందరికీ చేతులెత్తి నమస్కరిస్తున్నాను. కారూ, పెళ్లి అబద్ధమూ, పాపికొండలూ, పులసా అన్నీ నిన్న రాత్రే తీసేశాను. పనసతొన గారు చెప్పిన వరసలు వేసుకుని రెండో అధ్యాయం మళ్లీ మొదలుపెడితే, ఎవరు ఎవరినేమనాలో నేను ఆలోచించకుండానే మాటలు వచ్చాయి. యాత్ర పేరు మీద ముగ్గురు బయలుదేరతారు, సత్యవతి మాత్రం తిరగాలనిపించిందనే చెబుతుంది. ఆ మాట విని రామలక్ష్మి మొదట కోప్పడుతుంది. కొరింగ వంతెన మీద నడుస్తూ, ముందువాళ్లు కొంత దూరం వెళ్లాక, "నాకూ అలాగే అనిపించిందే, చెప్పడం చేతకాలేదు" అని చెల్లెలి చెవిలో చెబుతుంది. ఆ ఒక్క చోట మాత్రం నవ్వు లేకుండా వదిలేశాను.

చొల్లంగి సంకల్పం సన్నివేశాన్ని అమ్మకు చదివి వినిపించాను. ఈసారి ఆమె నవ్వలేదు, కాగితం తీసుకుని తప్పులు దిద్దింది. మొదటిరోజు పులిహోర కట్టుకోవాలనీ, రెండోరోజుకు అది పనికిరాదు కనుక సంక్రాంతి జంతికలూ సున్నుండలూ వేరే డబ్బాలో పెట్టాలనీ, తడిచీరలకు ప్రత్యేకంగా ఒక సంచీ లేకుండా ఏ ఆడదీ స్నానాల యాత్రకు బయలుదేరదనీ అంచున రాసింది. వృద్ధురాలు అని నేను రాసిన ప్రతిచోటా కొట్టేసి పెద్దావిడ అని పెట్టింది.

ఒక్క సందేహం మిగిలింది. చొల్లంగి, కొరింగ, యానాం అయ్యాక వాళ్లను గౌతమి దాటించి కోనసీమలోకి తీసుకురావాలి. యానాం దగ్గర ఎదుర్లంక వంతెన మీదుగా బస్సులో తీసుకురావడమా, కోటిపల్లి వెళ్లి రేవు దాటించడమా? కథకు ఏది మేలు?

సమాధానం 4
రాసినవారు: కోటిపల్లి రేవు

నా పేరు చూసి పక్షపాతం అనుకోకండి, కోటిపల్లి నుంచే దాటించండి. వంతెన మీద బస్సు అయిదు నిమిషాల్లో దాటిస్తుంది, అక్కడ నలుగురికీ మాట్లాడుకోవడానికి సమయం చాలదు. కోటిపల్లిలో సోమేశ్వరుడి గుడికి వెళ్లి, రేవులోకి దిగి, అవతల ముక్తేశ్వరం వైపు నుంచి పంటు వచ్చేదాకా ఆగాలి. ఆ ఆగడం మీకు కావాలి. డబ్బాలు విప్పుకోవచ్చు, పులసల వాదన దిండి దాకా ఆగకుండా ఇక్కడే మొదలుపెట్టవచ్చు.

ఇంకొకటి కూడా ఉంది. ఉచితం బస్సుకే కానీ పంటుకు కాదు, రేవు దాటడానికి అందరూ డబ్బు ఇవ్వవలసిందే. చొల్లంగి నుంచి ఒంటరిగా టిక్కెట్టు కొనుక్కుంటూ వచ్చిన బేబమ్మ ఇక్కడ మిగిలిన ముగ్గురినీ పక్కకు తోసి, చీర చెంగున కట్టుకున్న ముడి విప్పి నలుగురి డబ్బూ తానే ఇచ్చేయనివ్వండి. మంగతాయారు పుస్తకం తీసి, ఇది ఎవరి పద్దులో రాయాలో తేలక, పంటు సగం ఏరు దాటేదాకా కలం పట్టుకుని కూర్చుంటుంది.